ఫ్రేముకి ఎడమ పక్కన

ఆ సీరియల్ మళ్లీ వేస్తున్నారు, రాత్రి పదిన్నరకి.
పొయ్యిలో చెస్ట్‌నట్ దుంగ పెట్టి
నిప్పురవ్వలు చిమ్ముతాయని కుర్చీ వెనక్కి జరుపుకుంటాను.
ఈ అంకారెస్ కొండల్లో, మా ఊళ్లో
పొగ లేచే గొట్టం ఇప్పుడు నాదొక్కటే.
మంగళ, శుక్రవారాల్లో రొట్టెల వ్యాను హారన్ కొడుతుంది.
మిగతా రోజుల్లో నేనెవరికీ జవాబు చెప్పక్కర్లేదు.

పోయినేడాది అక్టోబరులో పదకొండుమంది దిగారు
తీగలతో, దీపాలతో, పొగమంచు పుట్టించే యంత్రంతో.
సముద్రానికి ఉప్పు మోసుకొచ్చారనుకున్నాను.
మర్నాడు అసలు మంచే కమ్మితే
ఇంత మంచు పనికిరాదని
మధ్యాహ్నం దాకా నా వంటింట్లో కాఫీ తాగారు.

నా ఆవు మరేలాని అద్దెకి తీసుకున్నారు.
దానికి రోజుకి నలభై యూరోలు, నాకు ఇరవై.
కథలో దాని పేరు ఎస్త్రేలా.
ఒంటరివాడి వేషం కట్టినతను మంచివాడే,
పొదుగు దగ్గర కూర్చుంటే మాత్రం
చీకట్లో తాళంచెవి జారవిడుచుకున్నవాడిలా తడిమేవాడు.
అందుకని దగ్గరి షాట్లకి నా చేతులు పెట్టారు.

ఇదిగో,
అతని ముఖం కింద నా గోళ్లు,
కొడవలి కొస తినేసిన నా చూపుడువేలు.
నాకంటే అందంగా ఒంటరిగా ఉన్నాడు.
అతని మౌనంలో వయొలిన్ ఉంది.
నా మౌనంలో ఫ్రిజ్ గురక,
నేలచెక్కల కింద కొట్టంలోంచి మరేలా నెమరు,
దాని ఒంటి వెచ్చదనం నా అరికాళ్లకి.

ఆరో భాగం.
అతను గడపలో నిలబడి "ఎస్త్రేలా" అంటాడు.
ఆవు తల తిప్పుతుంది, మెల్లగా, నిండుగా.
"అక్కడ ఏడవనివాళ్లు లేరు, ఎబారిస్తో" అంది
రొట్టెల వ్యాను ఎర్మితాస్.

ఆ రోజు పదిహేడుసార్లు పిలిచాడు, పాపం.
చెవైనా కదపలేదది.
చివరికి నన్ను కెమెరాకి ఎడమ పక్కన
బంగాళాదుంపల బస్తాల వెనక కూర్చోబెట్టారు.
"మరేలా" అన్నాను. ఒక్కసారే.
తర్వాత నా గొంతు చెరిపేసి అతని గొంతు అతికించారు.
చూపుకి అతుకు వేయడం వాళ్లకి చేతకాలేదు.
అది అతని భుజం దాటి
తెర అంచు దాటి
బస్తాల వెనక్కి వెళ్తోంది.
ఈ దేశంలో ఆ సంగతి ఇద్దరికే తెలుసు,
ఒకరు చెప్పలేరు.

టీవీ కట్టేస్తే వయొలిన్ సగంలో తెగింది.
మేత వేళ కాలేదు. అయినా దిగుతున్నాను,
మెట్టుకొక మోకాలు చప్పుడుతో.
దాని సంపాదనతో కొన్న ఉప్పుదిమ్మ
నాకి నాకి గుంటపడింది,
సరిగ్గా నా అరచెయ్యి పట్టేంత.