పడాల్సిన పళ్లెం

మనామల, గుదైబియా దిక్కు ఒక హోటల్ల
రాత్రికి పన్నెండు వందల పళ్లాలు కడిగేటోన్ని.
ఒక్కటి గూడ నా చేతిల తిరగలే.

డెనిస్ ప్రాక్టర్ వచ్చిన రాత్రి
వంటింటి తలుపు నూకి
"ఎనిమిది ఇయ్యి, తేలికవి" అన్నడు, సగం సైగతోని.
దొరా అనాల్నేమో, నాకు నోరు రాలే.
చెమ్కీ కోటు, మోచేతి కాడ దారం లేచింది.
మొకానికి రంగు. చెవుల ఎన్క పూసుకోలే.

వాళ్ల దేశంల శనివారం రాత్రి
టీవీల ఈయన వస్తే గల్లీలు ఖాళీ అయ్యేటియట.
పాట, ఆట, ఒడిల బొమ్మతోని ముచ్చట,
ఆఖర్ల పళ్లాలు.
పదకొండేండ్లు.
ఎవలో కొత్త సాబు వచ్చి
"ఇగ పళ్లాలు ఎవలు సూస్తరు" అన్నడట.
గప్పటిసంది ఓడల మీద,
గిప్పుడు గీడ,
మటన్ నములుకుంట నలభై మంది ఆయిల్ కంపెనోళ్లు.

తలుపు సందుకెల్లి సూసేటోన్ని.
సన్నని కట్టెల మీద ఎనిమిది తెల్లటి సుడులు.
ఒకటి నెమ్మదైతది, ఊగుతది,
ఆయన ఉరికి అందుకుంటడు,
అవుతల ఇంకోటి పానం ఇడుస్తది.
నేను ఇంటికి పైసలు పంపుడు గూడ గిట్లనే ఉండె:
పిల్ల ఫీజు కట్టంగనే బోరు ఎండుతది,
బోరు కాడికి ఉరికితే మిత్తి ఊగుతది.

ఏడోది మాత్రం రోజూ పడేది.
భళ్లుమంటే నవ్వులు, చప్పట్లు.
పోశెట్టి అనరాక "పోస్టీ" అనేటోడు నన్ను.
"ఒకటి పడాలె పోస్టీ,
లేకుంటే జిగురు పెట్టిండంటరు."

పెంకులు ఊడ్చేది నేనే.
నెలాఖరుకు క్యాప్టెన్ నా జీతంల
పళ్లానికి ముప్పావు దినార్ కోసిండు.
నేను చెప్పలే.
గోడకు చీటీ అతికించి ఉండె,
ఆయన అద్దాలు పెట్టుకొని సదివిండు.

ఆ రాత్రి ఎనిమిదీ తిరిగినయ్.
ఒక్కటన్న ఊగలే.
ఆయన అంగీ తడిసి ఈపుకు అంటుకుంది.
నలభై మంది మళ్ల మటన్ దిక్కు ఒంగిన్రు.
ఒక్కొక్కటే దించి, కోటు అంచుతోని తుడిచి,
నా చేతిల పెట్టిండు
లెక్క సూసుకొమ్మన్నట్టు.

వచ్చే సలికాలం మనీలా పిల్ల పాటకొచ్చింది.
ఆయన ఏడికి పోయిండో ఎవలడగలే,
నేను గూడ.

శుక్రారం క్యాంపుల
చీపురు కట్టె మీద స్టీలు పళ్లెం తిప్పుతున్న.
మూడు సుట్లు, అంతే.
పడితే పగలదు, ఉత్త సప్పుడు.
పై మంచంల నైట్ డ్యూటీ ఎల్లయ్య
లేసి, తిట్టనీకి నోరు తెరిసి,
"మళ్లొకపారి" అన్నడు.