హిరానుమా బదులు

తొమ్మిదికి పది నిమిషాల ముందే
ఆఖరి స్టేషన్‌లో రైలు ఖాళీ అయింది.
ఒసాకా అంతా వెనకెక్కడో పట్టాల చివర ఉండిపోయింది.
ఇక్కణ్ణుంచి కొండ.

నిజానికి జాబితాలో లేని మనిషిని నేను.
డబ్బు కట్టింది హిరానుమా,
మూడు వారాల కింద,
కాళ్ళు ఇంకా అతని మాట వింటున్నప్పుడు.
"వృథా చెయ్యకు, నువ్వెళ్ళిరా" అన్నాడు
సెలైన్ గొట్టం ఉన్న చేత్తోనే రసీదు అందిస్తూ.
అతని పేరున్న బిళ్ళ నా చొక్కాకి తగిలించారు.
సరిదిద్దబోయి ఊరుకున్నాను.
ఒక్క పూటకి పేరు అరువు తెచ్చుకుంటే
ఎవరి సొమ్ము పోయింది?

దారి చూపే ఆవిడ షినోమియా చిజురు.
డెబ్బై దాటాయి.
పడుచుతనమంతా ఉమెదాలో
ఓ పెద్ద దుకాణం లిఫ్టులో గడిచిందట,
రోజంతా ఎక్కుతూ, దిగుతూ,
ఎక్కడికీ వెళ్ళకుండా.
ఇప్పటికీ చేతులకి తెల్లటి తొడుగులే.
రాతిమెట్ల దగ్గర ఆగి, నడుం కాస్త వంచి,
అరచెయ్యి ఆకాశం వైపు తిప్పి
"పైకి వెళ్తున్నాం" అంది.
పదకొండు మందిమీ నవ్వాం.
పదో మెట్టుకే నవ్వు ఆయాసమైంది.

జూన్ నెల.
రాత్రి ఆగిన వాన
చెట్ల కింద మాత్రం ఇంకా ఆగలేదు.
రాలిన పుల్ల ఒకటి ఏరి, గోటితో గీరి,
ఒక్కో ముక్కు దగ్గరా ఆపింది.
కురోమోజి. దీంతో పళ్ళపుల్లలు చేస్తారట.
నిమ్మ అందామంటే కాదు, మిరియమూ కాదు.
అక్కచెల్లెళ్ళిద్దరు అమ్మ బీరువా వాసన అన్నారు,
ఏ అరలోదో తేల్చుకోలేక పోట్లాడుకున్నారు.
"పోయిందనుకున్నప్పుడల్లా మళ్ళీ గీరండి" అంటూ
పుల్ల నా చేతిలో పెట్టింది.

కుంట మీదికి వంగిన కొమ్మకి
తెల్లటి నురుగు ముద్ద, ఎవరో సబ్బు పెట్టి మరిచినట్టు.
చెట్టుకప్ప గుడ్లు.
గట్టి వాన పడితే నురుగు కరిగి
పిల్లలు ఒక్కొక్కటే నీళ్ళలోకి జారతాయి.
ఆ నీళ్ళలోనే, సరిగ్గా ఆ కొమ్మ కిందే,
ఎర్రపొట్టల నీటిబల్లులు తలలెత్తి కాచుకుని ఉన్నాయి.
ఏడేళ్ళ ఇత్సుకి కర్ర అందుకున్నాడు.
ఆవిడ ఆపలేదు.
"పాపం, అవీ పొద్దుట్నుంచీ ఏమీ తినలేదు" అంది, అంతే.
వాడు కర్ర దించాడు గానీ ఒప్పుకోలేదు.
నేనూ ఒప్పుకోలేదు.
పైనుంచి ఏదో ఒక్కటి రాలింది,
ఆకు చివరి చుక్కో, పిల్లో.
నీళ్ళు కదిలి, సర్దుకున్నాయి.

శిఖరం కాదు, చెట్లు కాస్త పక్కకి తప్పుకున్న చోటు.
కింద మళ్ళీ ఊరు.
చేత్తో తుడిచేయొచ్చన్నంత చిన్నగా.
విమానమొకటి ఇళ్ళ మీదికి తాపీగా దిగుతోంది.
"మీ ఇల్లెక్కడో చూపించండి" అంది.
ఇత్సుకి వేలు ఎత్తైన మేడ మీద వాలింది.
అక్కచెల్లెళ్ళు నదికి అటొకరు, ఇటొకరు.
"హిరానుమా గారూ, మీదో?"

నా ఇల్లు కొండకి అవతలి వైపు. కనబడదు.
నా వేలు దానంతటదే లేచి
ఎర్ర గుర్తున్న తెల్లటి భవనం మీద ఆగింది.
ఆరో అంతస్తు. ఏ కిటికీయో తెలియదు.
ఆవిడ ఒక్క క్షణం నా వంక చూసి
తెల్లచెయ్యి అటు చాపింది,
అక్కడ తలుపు తెరుచుకుంటున్నట్టు.
అంతస్తు పేరు మాత్రం చెప్పలేదు.

పన్నెండున్నరకి కిందికొచ్చాం.
ఒక్కొక్కరికీ కాగితం, పొట్టి పెన్సిలూ ఇచ్చారు.
నడక ఎలా ఉంది?
బాగుంది, అని దిద్దాను.
కాళ్ళు నొప్పులా?
అవును. అవి నావే.
మళ్ళీ వస్తారా?

ఆ గడి ముట్టుకోకుండా
కాగితం నాలుగు మడతలు పెట్టి
పుల్లతో పాటు జేబులో వేసుకున్నాను.
పేరున్న బిళ్ళ విప్పి ఇచ్చేశాను.
రైలు మూడు స్టేషన్లు దాటాక చూసుకుంటే
పెన్సిలు నా చేతిలోనే ఉంది.