చుక్క సారు

ఏప్రిల్ నెలాఖరు. నర్సరావుపేట రోడ్డు తారు
చెప్పుకి అంటుకునే మధ్యాహ్నం
మా కోల్డ్ స్టోరేజీలో మూడో కంప్రెసర్ దగ్గటం మొదలెట్టింది.
లోపల లక్షా పదివేల టిక్కీలు.
తేజ, బాడిగ, మూడొందల ముప్పైనాలుగు.
పల్నాడు ఏడాది కష్టమంతా చీకట్లో
నాలుగు డిగ్రీల మీద కునుకు తీస్తోంది.
ఓనరు ఫోన్ల మీద ఫోన్లు చేస్తే
కంపెనీవాళ్ళు ఓ మనిషిని పంపారు, కెనడా నించి.

అరవై దాటిన మనిషి. గుమ్మానికి తల వంచాలి.
మూడుసార్లు విరిగిన ముక్కు.
ఆ ముక్కుతోనే మొదటిరోజు మిరపఘాటుకి
పసిపిల్లాడిలా ఏడ్చాడు.
పేరు కోలిచుక్. మా హమాలీలకి నోరు తిరగలా.
ఏసుపాదం మేస్త్రీ తేల్చేశాడు: చుక్క సారు.

"చుక్క అంటే?" అన్నాడు నాతో.
రేకుల మీది ఆకాశంలోకి వేలు చూపించి
"స్టార్" అన్నా.
రెంచి కింద పెట్టి మరీ నవ్వాడు.
పంతొమ్మిదేళ్ళు ఐసు మీద హాకీ ఆడితే
ఆ మాట అన్నవాడు ఒక్కడూ లేడంట.

నీ పనేంటి సారూ ఆటలో, అని అడిగా.
ఫోనులో తెలుగు చేసి చూపించాడు. నాకర్థం కాలా.
చేతులతో చెప్పాడు. అప్పుడర్థమైంది.
గోలు కొట్టేవాణ్ణి కొట్టినవాణ్ణి
కొట్టటం.
కొట్టినందుకు ఐదు నిమిషాలు
గాజు బోనులో కూర్చోటం. మళ్ళీ దిగటం.

పదకొండు జట్లు మారాడు.
ఓసారి అన్నం తింటుంటే ఫోను,
తెల్లారేసరికి వేరే ఊరు, వేరే రంగు చొక్కా.
ఓసారి ఇంకో ఇద్దరితో కలిపి గుత్తగా ఇచ్చేశారంట.
"లాటు" అన్నా నేను.
మా యార్డులోనూ అంతే సారూ,
ఇప్పుడంటే కంప్యూటర్లొచ్చాయి గానీ
మా నాన్న రోజుల్లో తువ్వాలు కింద వేళ్ళు పట్టుకుని
ధర తేల్చేవాళ్ళు.
కాయకి చెప్పరు.

పెద్ద లీగులో పద్నాలుగు ఆటలు. గోలు లేదు.
ఒక్క రాత్రి మాత్రం
తన కర్రకి తగిలిపోయిన బిళ్ళని ఇంకొకడు లోపలేశాడు.
వేసినవాడి పేరు చెప్పాడు,
ఎదురు గ్యాలరీలో ఖాళీగా ఉన్న కుర్చీల వరస చెప్పాడు.
గెలిచారా అంటే
తల గోక్కున్నాడు.

మోకాళ్ళు పోయాక
స్టేడియంలో అమోనియా చూసే ముసలాయన
చేతికింద పెట్టుకున్నాడంట.
ఆడినన్నాళ్ళూ ఐసు కింద గొట్టాలున్నాయని
తోచనే లేదంట.

నాలుగోరోజు టీ వేళ
తాలు ఏరే నాగేంద్రమ్మ నిలదీసింది:
"అన్ని దెబ్బలు తిని ఏం మిగుల్చుకున్నాడో అడుగు మస్తానూ."
అడిగా.
కుడిచెయ్యి చాపాడు. మూడు వేళ్ళు ముడుచుకోవు.
ఆమె తన చెయ్యి పక్కన పెట్టింది,
కారం తిన్న గోళ్ళు, చీలిన చర్మం.
ఇద్దరూ కాసేపు
ఎవరి చెయ్యి ఎక్కువ పాడైందో చూసుకున్నారు.
ఆమె నెగ్గినట్టుంది, సారే తల వంచాడు.

"తాలుకీ ధరుంది" అంది ఆమె లేచి చీర దులుపుకుంటూ.
అది నేను ఇంగ్లీషులో చెప్పలేకపోయా.

ఆ రాత్రి కంప్రెసర్ దగ్గు ఆగింది.
గొట్టాల మీద నూగులాంటి మంచు.
చొక్కా చేతిని ముడిచి దాన్ని తాకి,
గోరుతో ఓ గీత గీసి,
చాలాసేపు అక్కడే నిలబడ్డాడు.
బయట కరెంటు తీగలు కూడా చెమటపట్టే ఉక్క.

తెల్లారి బెజవాడ వెళ్ళి రైలెక్కాడు.

లాగ్ బుక్కులో ఆయన రాత ఉంది.
సమయం, ప్రెషరు, నాలుగు డిగ్రీలు.
రిమార్కుల గడిలో ఏదో రాశాడు.
మా అమ్మాయి చదివి చెప్పింది:
"ఐసు బాగుంది."
ఇక్కడ ఐసెక్కడిది, మిరపకాయలు తప్ప?
ఆడిటరు వచ్చి అడిగినా
నేను కొట్టెయ్యలేదు.