గణుపు

జెనిక్యులేట్.
దేవరకొండ డిగ్రీ కాలేజీల, బాటనీ ప్రాక్టికల్ పరీక్షల
అయిదో నంబరు మొక్క చూపించి
మొయిన్ సారు అడిగిన మాట.
ఎండిన గడ్డిపోచ. అట్టకు తెల్లదారంతో కుట్టి ఉంది.
కాండం మొదట నేలకు వాలి
గణుపు కాడ విరగకుండ మడిచి
మళ్లీ నిటారుగ లేసింది.
"ఈ వంపును ఏమంటరమ్మా?"
తెలుసు. నోట్లకు రాలేదు.
అర మార్కు పోయింది.

ఇంటికొచ్చి డిక్షనరీ తీస్తే
మోకాలు లెక్క వంగినది, అని ఒకటే ముక్క.
లాటిన్ల జెను అంటె మోకాలట,
జెనిక్యులం అంటె చిన్న మోకాలట.
చిన్న మోకాలు!
పక్క మంచం మీద మా చిన్నమ్మ ఈదమ్మ.
పండుకుంటె ఆమె మోకాళ్లు
దుప్పటిని గుడారం లెక్క లేపుతయి.
పోయిన చలికాలం ఆ గుడారంల పిల్లి ఈనింది.
మూడు పిల్లలు.
కదిలితె ఎక్కడ నలుగుతయో అని
కదలలేని మనిషి భయపడ్డది.

క్యాంపుకొచ్చిన డాక్టరు చీటీల రాసిండు
జెను వాల్గమ్.
అదే వేరు.
గడ్డికి ఒక తోక తగిలించిండ్రు, మనిషికి ఒక తోక.

వంగుడుకు మాకు మాటలు కరువా?
ఒంగుడు, కుంగుడు, ఒరుగుడు, గూని, మెలి.
నాటుకు వంగే నడుము వేరు, కలుపుకు వంగే నడుము వేరు.
గడి ముందర చెప్పులు చంకల పెట్టుకొని
మా తాత వంగిన వంపు వేరు,
దానికి పేరు పెట్టే ధైర్యం ఎవరికీ రాలేదు.
మోకరిల్లుడు అనే మాటల మోకాలు దాసుకొని ఉన్నది.
ఇంగ్లీషోళ్లు కూడ జెనుఫ్లెక్ట్ అని
అదే మోకాలును దాసుకున్నరు.
ఈ ముచ్చట చెప్తె ఈదమ్మ నవ్వింది.
"మొక్కుదమంటె వంగదు, నిలబడుదమంటె సాగదు.
దేవుడు, దొర, ఇద్దరు నన్ను ఇడిసిపెట్టిండ్రు పో."

చీమ మీసాలకు నడుమ మోకాలుంటది,
దానికీ ఇదే మాట.
గడప మీద చక్కెర పలుకును తడుముకుంట పోయే చీమను చూపిస్తె
కండ్లు చికిలించి చూసి
"దానికి గూడ బోరింగు నీళ్లేనా" అన్నది.

ఆ వానకాలం గాలిదుమారానికి
మా జొన్న చేను మొత్తం పండుకుంది.
నాయిన తల పట్టుకొని గట్టు మీద కూసున్నడు.
నాలుగొద్దులు గడిస్తె
ఒక్కొక్క కర్ర కింది గణుపు కాడ మోకాలు మోపి
తల లేపింది.
పరిగెత్తుకుంట వచ్చి చెప్పబోయి
గుమ్మంల ఆగిన.
గణుపుల పచ్చిదనం ఉంటది, అందుకే తిరుగుతది.
ఈమె ఎముకల ఉన్నది మెత్తదనం కాదు,
గట్టితనం. ఎక్కువైన గట్టితనం.
బోరింగు కొట్టిన ప్రతి బిందె
ఇంత సున్నం, ఇంత రాయి లోపల పేర్చింది.
చేనుకు పనికొచ్చిన మాట
ఆమెకు పనికి రాదు.

ఇంకొకటి చదివిన, చెప్పలేదు.
కన్ను చూసింది చూసినట్టు మెదడుకు పోదట.
నడుమ ఒక చిన్న గడ్డ ఉంటది,
మోకాలు లెక్క వంగి.
దానికీ ఇదే పేరు.
చూసినదంత ఆ వంపుల ఆగి, తిరిగి
అప్పుడు లోపలికి పోతదట.
దుప్పటి గుడారం, పిల్లి పిల్లలు,
గోడ పట్టుకొని ఆమె వేసే అడుగు
నా తలల ఒక మోకాలు దాటి వచ్చినయి, ఇన్నేండ్లు.

ఇప్పుడు నల్లాల కృష్ణ నీళ్లు వస్తున్నయి.
తెల్లారుజామున బుస్సుమని గాలి వచ్చి
తర్వాత నీళ్లు.
ఆలస్యమైనయని ఆమె అనదు.
"చెంబు వంచు బిడ్డా" అంటది.
నేను వంగి
వంచుత.