నీళ్ళు ముట్టకు

హాడోస్ రోడ్డు మలుపులో, మెట్ల కింద,
నేనూ నా జిరాక్స్ మెషీనూ పట్టేంత చోటు.
తొమ్మిది కొట్టేసరికి వస్తారు
కవర్లలో కాయితాలు, కాయితాల్లో ప్రాణాలు పెట్టుకుని.

ఆమె పేరు సూయి నెమ్.
అంతే పేరు. ముందేమీ లేదు, వెనకేమీ లేదు.
కంప్యూటర్ ఒప్పుకోదు.
ఇంటిపేరు గడి ఎర్రగా వెలిగి
అక్కడే మొండికేస్తుంది.
వాళ్ళ చిన్ కొండల్లో ఇంటిపేర్లు ఉండవట.
మొన్న మాఘంలో ఇల్లు కూడా కాలిపోయింది.
చివరికి సూయి పేరయింది, నెమ్ ఇంటిపేరయింది.
"పరవాయిల్లె అక్కా" అంది,
హోటల్ వెనక వాకిట్లో నేర్చిన తమిళంలో.

చేతిలో ఉన్న కాయితం మడతల దగ్గర చిరిగింది.
మానవతా దృష్టితో, అని మొదలవుతుంది.
ఉండవచ్చు, అంటుంది.
పని చేయరాదు, అంటుంది.
ఇప్పుడా రెండో వాక్యం మార్చమని
ఇంకో దరఖాస్తు.

రాత్రి అన్నం దగ్గర ఇది అమ్మకి తెలుగులో చెప్పాను.
చెవి సరిగా వినపడని అమ్మ
"పని చేయ రాదా, పాపం?
నువ్వు నేర్పరాదూ!" అంది.

పని రాకపోవడమా!
ఎనిమిదో తరగతికి లెక్కలు చెప్పేది అక్కడ.
నలభై ఏడు కాపీలు, కాపీ రెండు రూపాయలు,
నేను కాలిక్యులేటర్ వెతుక్కునేలోపు
తొంభై నాలుగు లెక్కపెట్టి బల్ల మీద ఉంచింది.

పదకొండో గడి: ప్రస్తుత జీవనాధారం ఏమిటి?
ఆమె నావైపు చూసింది, నేను తెరవైపు చూశాను.
వడపళనిలో బిర్యానీ కొట్టు వెనక
అర్ధరాత్రి దాకా గుండిగలు తోముతుందని
సబ్బుపొడి వాసన ఎప్పుడో చెప్పింది నాకు.
"తెలిసినవారి సాయంతో" అని కొట్టాను.
ఆ ముక్క టైపు చేసినందుకు డబ్బు తీసుకోలేదు.

కూర్చుని తింటే కొండలైనా కరుగుతాయంటారు మనవాళ్ళు.
కొండలు దిగి వచ్చిన ఈ మనిషి
కూర్చోగా నేనింకా చూడలేదు.
నా కొట్లోనూ నిలబడే ఉంటుంది,
స్టూలు ఖాళీగా ఉన్నా.

మూడు వారాలకి పిలుపొచ్చింది, వేలిముద్రలకి.
మధ్యాహ్నానికల్లా తిరిగొచ్చింది.
"మెషీన్‌కి నా వేళ్ళు కనపడడం లేదు అక్కా."
అద్దం తుడిచారట, వేళ్ళు తుడిచారట,
బొటనవేలు, చూపుడువేలు, మళ్ళీ బొటనవేలు.
ఆఫీసరు మంచివాడేనట,
మంచినీళ్ళిచ్చి, వచ్చే సోమవారం రమ్మన్నాడట.

ఆమె చేతులు నా చేతుల్లోకి తీసుకుని
ట్యూబులైటు కిందకి వంచాను.
ఏటి గులకరాళ్ళలా నున్నగా ఉన్నాయి.
గీతలన్నీ గుండిగల అడుగున ఉండిపోయాయి.
లేదని నేను టైపు చేసిన పనే
పది వేళ్ళనీ చెరిపేసింది.

"కొబ్బరినూనె పట్టించు" అన్నాను,
"నాలుగు రోజులు నీళ్ళు ముట్టకు."
అనేశాక గాని తెలియలేదు ఏమన్నానో.

ఆమె కళ్ళు ఒక్క క్షణం పైకి వెళ్ళాయి,
నల్లబల్ల అక్కడ ఉన్నట్టు.
నాలుగు రాత్రులు, రాత్రికి మూడొందల యాభై.
"పద్నాలుగు వందలు" అంది.
నెత్తిమీద ఫ్యాను టకటకా కొట్టుకుంది.

నా దగ్గర అంత లేదు. ఉన్నా
ఇస్తే తీసుకునే రకం కాదు.
మూల పడి ఉన్న పాత రశీదుల కట్టలు చూపించి
"నంబర్ల వరసలో పేర్చిపెడతావా,
నాలుగు రోజులూ, పొడి చేతులతో?
ఇది పనేం కాదులే" అన్నాను.
"మరేంటి?" అని అడిగింది.
ఏ గడిలో రాయాలో నాకూ తెలియలేదు.

మొదటిసారి స్టూలు లాక్కుని కూర్చుంది.
కట్ట విప్పింది.
పేజీ తిప్పడానికి వేలు నాలుక దాకా తీసుకెళ్ళి
ఆగి
నావైపు చూసి నవ్వింది.