ఉమ్మడి గొర్రె

మంగళవారం, శుక్రవారం
ఆంబ్రోస్ హాగ్‌బెన్ కాలిపుండుకి కట్టు మార్చడం నా పని.
డిమ్‌చర్చ్‌లో ఆయన ఇల్లు సముద్రం కంటే పల్లంలో ఉంటుంది.
పోటు వేళ కిటికీలోంచి చూస్తే
గోడ, గోడ పైన ఆకాశం.
నీళ్లు మాత్రం వినపడతాయి,
పక్కవాటాలో ఎవరో బియ్యం చెరుగుతున్నట్టు.

నలభై రెండేళ్లు ఈ చిత్తడి మేతల్లో గొర్రెలు కాశాడు.
గోళ్ల సందుల్లో ఇంకా ఉన్నిజిడ్డు వాసన.
ఆయన ఇంగ్లీషు నా చెవిలో తెలుగై పడేది:
"సంత అన్నారమ్మా, సంతకం పెట్టాను.
డెబ్భై ఐదులో.
పిల్లలు మంచి ధర పలుకుతాయంటే ఏ కాపరి కాదంటాడు?
తర్వాత సంతకి జెండా వచ్చింది.
జెండాకి పాట వచ్చింది.
పాటకి లేచి నిలబడాలన్నారు.
గొర్రెని అమ్ముకుందామని పోయినవాణ్ణి
కాళ్లు కడిగి పీటల మీద కూర్చోబెడితే ఎలా?"

కోపం లేదు ఆ గొంతులో.
వాన గురించి చెప్పినట్టే చెప్పాడు.

పాత గాజుగుడ్డ తడిపి విప్పుతూ
మా మేనత్త సామెత ఒకటి అప్పజెప్పాను:
ఉమ్మడి గొర్రె పుచ్చి చచ్చిందని,
అందరిదీ అయినదానికి పురుగు ఏరేది ఎవరని.
కట్టు జారేంతగా నవ్వాడు.
"మీ అత్త కెంట్ మనిషే" అన్నాడు.

ఇంకో శుక్రవారం, అడక్కుండానే:
"మాకు రాసిపెట్టుకున్న రాజ్యాంగం లేదు. కాలిబాట ఉంది.
వేసినవాడు లేడు. నడిచారు, పడింది.
అవతలివాళ్లు ముందు గీత గీసి
తర్వాత దాని మీద నడుస్తారు.
తప్పనను.
వాళ్ల వీధుల్లో పరాయి బూట్లు తిరిగాయి,
అలాంటివాడు కాగితం రాసుకోవాలి.
ఈ ఇసుకలో ముళ్లకంచె పాతుతుంటే మా అమ్మ చూసింది.
బూట్లు రాలేదు.
రాకపోవడం మా గొప్పా, నీళ్ల గొప్పా,
అది మేం ఎప్పుడూ తేల్చుకోలేదు."

అప్పుడే నా ఫోన్ మోగింది.
ఇక్కడ ఎండ కాస్తే అంతే,
ఫ్రాన్స్ టవర్ నీళ్ల మీదుగా చెయ్యి చాపుతుంది,
స్వాగతం అంటుంది, గడియారం గంట ముందుకి గెంతుతుంది.
"చూశావా" అన్నాడు ఆంబ్రోస్,
"అడక్కుండా నీ గంట పట్టుకుపోయారు."

నేనూ ఊరుకోలేదు.
మరి ఈ గోడ సంగతేంటి అన్నాను.
పల్లంలో ఎకరానికి ఇంత అని పన్ను వేసి
వందల ఏళ్లుగా అందరూ కలిసి నిలబెట్టింది కాదూ?
ఒక్కడి డబ్బుతో ఒక్క రాయైనా లేచిందా?
ఇదీ ఉమ్మడి గొర్రే. పుచ్చలేదేం?

కెటిల్ మరిగి దానంతటదే ఆగింది.
చాలాసేపటికి అన్నాడు:
"పన్ను వేసినవాడూ ఈ గోడ కిందే పడుకునేవాడు.
తెగితే ముందు తడిసేది వాడి పరుపు.
నాకు అంతే తెలుసు. వాడి ఇల్లు ఎక్కడో నాకు తెలియాలి,
అర్ధరాత్రి వెళ్లి తలుపు కొట్టగలగాలి."

లండన్ వాళ్ల పరుపులు తడుస్తాయా అన్నాను.

ఆయన కిటికీ వైపు తిరిగాడు.
నేను పిన్ను పెట్టి, తేదీ వేసి,
పుండు అంచులు దగ్గరకొస్తున్నాయని రాసుకున్నాను.
నిజానికి ఒక అంచే వస్తోంది.

బయట గోడ మీద గాలి.
దిగువన ఆయనవి కాని గొర్రెలు,
ఎవరివో నీలం రంగు గుర్తు వీపున,
ఉప్పుగడ్డి కొరుకుతున్నాయి.
అవతల ఒక తెల్లటి గీత,
తీరమో మబ్బో.
ఫోన్‌లో ఇంకా వాళ్ల టైమే.
వెనక్కి తిప్పలేదు నేను.
తర్వాతి ఇంటి గేటు తీసేసరికి
అదే సర్దుకుంది.