వాడుతున్నప్పుడు మాత్రమే

ఫారో దీవుల్లో, కొండ దాటితే తప్ప చేరలేని ఊరికి
వారానికి మూడుసార్లు ఉత్తరాలు మోస్తాను.
ఉత్తరాలు తగ్గాయి. కరెంటు బిల్లులు, మందుల డబ్బాలు,
ఈమధ్య ఫోన్లకొచ్చే జబ్బులు.

పదకొండు గడపలు.
సోమవారం రాత్రి ఎవరూ అడక్కుండానే
అందరి ఫోన్లలో వాతావరణం యాప్ కొత్త బట్టలు కట్టుకుంది.
మబ్బు బొమ్మ గుండ్రమైంది, అక్షరాలు చిక్కిపోయాయి.
బుధవారం నేను కొండ దిగేసరికి
ఓలువా కంచె దగ్గరే నిలబడి ఉంది,
ఫోనుని చచ్చిన చేపలా తోక పట్టుకుని.

"ఎండంటుంది, చూడు."
చూశాను. ఇరవైమూడు డిగ్రీలు. నిండు సూర్యుడు.
ఆమె కనుబొమల మీంచి నీళ్లు జారి
ఆ సూర్యుడి మీదే పడుతున్నాయి.

వంటింట్లో కూర్చున్నాం.
ఆర్పి వెలిగించాను. ఎండే.
మూసి తెరిచాను. ఎండే.
అది దాచుకున్న పాత లెక్కలన్నీ తుడిచేశాను.
ఒక చక్రం తిరిగింది, తిరిగింది.
గానుగెద్దయినా ఎక్కడో ఒకచోట ఆగుతుంది.
చివరికి మళ్లీ ఎండే.
మొత్తం తీసేసి కొత్తగా దించుకుందామా అంటే
"పోయింది తిరిగి రాకపోతే?"
అని చెయ్యి అడ్డం పెట్టింది.

ఎండుమాంసం కోసి పెట్టింది. రెండో కాఫీ.
పక్కింటి హానుస్ తలుపులోంచి తొంగిచూశాడు.
అతని ఫోనులోనూ అదే ఎండ.
"పడవ తియ్యమంటావా?" అన్నాడు వెటకారంగా.
కళ్లు మాత్రం సముద్రం వైపు లేవు, తెర వైపే ఉన్నాయి.
నేను గమనించాను. ఆమె కూడా.

"ఒకప్పుడు నా మోకాలు చెప్పేది," అంది ఓలువా.
"ఈ ఫోనొచ్చాక దాని మాట వినడం మానేశాను. అలిగింది.
ఇప్పుడు ఎండకీ నొస్తుంది, వానకీ నొస్తుంది."

అప్పుడు దొరికింది, సెట్టింగుల అట్టడుగున.
కొత్త బట్టలు కట్టుకున్న రాత్రే అదొక ప్రశ్న అడిగిందట:
మీరెక్కడున్నారో తెలుసుకోవచ్చా?

"వద్దన్నాను," అంది.
"డెబ్భైనాలుగేళ్లుగా ఈ కుర్చీలోంచి ఆ గొర్రెల కొట్టం దాకా,
అక్కణ్ణించి మళ్లీ కుర్చీలోకి.
ఇంకా ఎక్కడున్నావని అడిగేవాళ్లకి ఏం చెప్పను?"

అందుకని అది ఆమెని తీసుకుపోయి
దూరాన, దక్షిణాన, తనకి తెలిసిన ఏదో పెద్ద పట్నం నడిబొడ్డున కూర్చోబెట్టింది.
రెండు రోజులు ఓలువా అక్కడ ఎండలో ఉంది.
ఇక్కడ ఆమె కోసి ఆరేసిన గడ్డి
కంచె మీద తడిసి నల్లబడింది.

తెర మూడు మాటలు చూపించింది:
ఎప్పుడూ. వాడుతున్నప్పుడు మాత్రమే. వద్దు.
కళ్లద్దాలు తుడుచుకుని,
పళ్లు చూసి గొర్రె వయసు కట్టినట్టు ఒక్కొక్కటీ చూసి
నడిమిది నొక్కింది.
"నేను చూసినప్పుడే అదీ నన్ను చూడాలి."

తొమ్మిది డిగ్రీలు. ఈదురుగాలి. నాలుగింటి నుంచి వాన.
గోడ గడియారంలో రెండున్నర.
కిటికీ అవతల పొద్దుట్నించీ కురుస్తూనే ఉంది.
"బాగైంది," అంది, ఎంతో తృప్తిగా.

మిగతా పది గడపల్లోనూ అదే ప్రశ్న, అదే వద్దు.
అన్నీ తిరిగి, తిరుగుదారి పట్టేసరికి
పొగమంచు కొండ నడుం దాకా దిగింది.
వీళ్లు దాన్ని ఏ పేరుతో పిలుస్తారో, పేర్లు చాలా ఉన్నాయి,
నాకు అన్నిట్లోనూ ఒకేలా దారి తప్పుతుంది.
ఫోను తీశాను.
నన్నూ అడిగే ఉంటుంది సోమవారం రాత్రి,
ఏ తొందరలో ఏది నొక్కానో.
నేనూ ఆ పట్నంలోనే ఉన్నాను. ఇరవైమూడు డిగ్రీలు. కోటు అక్కర్లేదు.

జేబులో పెట్టేశాను.
దారి పక్కన ఎవరో ఎప్పుడో పేర్చిన రాళ్ల గుట్ట.
ఒకదాని దగ్గర నిలబడితే తప్ప రెండోది కనబడకుండా పేర్చారు.
చెయ్యి ఆనించాను. తడి.
ఇక్కడున్నాను, అనుకున్నాను,
రెండోదాని కోసం
మంచు కాస్త పలచబడేదాకా
సంచీ దించకుండా నిలబడ్డాను.